కోర్టు ఆర్డరు వచ్చినా రిటైర్మెంట్ డబ్బు రాలేదా? కంటెంప్ట్ కేసు గురించి తెలుసుకోండి

గ్రాట్యుటీ, కమ్యుటేషన్, జీపీఎఫ్, ఫ్యామిలీ పెన్షన్ ఆగిపోయి హైకోర్టుకు వెళ్లారు. ఆర్డరు మీ పక్షాన వచ్చింది. నెలలు గడుస్తున్నా డబ్బు మాత్రం రాలేదు. రాజంపేట చుట్టుపక్కల పెన్షనర్లు ఇలాంటప్పుడు ఏం చేయాలో చూద్దాం. (ఇది సర్వీసు పెన్షన్ గురించి. ప్రతి నెలా సచివాలయం ద్వారా ఇచ్చే ఎన్టీఆర్ భరోసా పింఛన్ గురించి కాదు.)

కోర్టు ధిక్కారం అంటే ఏమిటి?

కోర్టు ఆదేశాన్ని తెలిసీ, కావాలని అమలు చేయకపోవడం. 1971 కోర్టు ధిక్కార చట్టం ప్రకారం 6 నెలల వరకు సాధారణ జైలు, లేదా రూ.2,000 వరకు జరిమానా, లేదా రెండూ విధించవచ్చు. క్షమాపణతో కోర్టు తృప్తి పడితే శిక్ష తప్పవచ్చు కూడా. కాబట్టి అధికారిని జైలుకు పంపడం మీ లక్ష్యం కాదు, ఆర్డరు అమలు కావడమే లక్ష్యం.

ముందు ఆర్డరు చివరి పేరా చదవండి

అసలు విషయం అక్కడే ఉంటుంది. "ఇన్ని వారాల్లో చెల్లించండి" అని ఉంటే, గడువు దాటాక కంటెంప్ట్ వేయవచ్చు. "అర్జీని పరిశీలించి నిర్ణయం తీసుకోండి" అని మాత్రమే ఉంటే, ఆఫీసు పరిశీలించి తిరస్కరించినా ఆర్డరు అమలైనట్టే. ఆ తిరస్కరణ తప్పనుకుంటే దాని మీద కొత్తగా రిట్ వేయాలి. 1996లో సుప్రీంకోర్టు ఈ సంగతి స్పష్టం చేసింది. చాలామంది ఇక్కడే పొరపాటు పడి ఏడాది పోగొట్టుకుంటారు.

వడ్డీ సంగతి?

ఆర్డరులో లేని వడ్డీని కంటెంప్ట్ కేసులో అడగలేరు. మొదటి రిట్‌లోనే అడగాలి. మన రాష్ట్రంలోనే 2020లో కొవిడ్ సమయంలో ఆపిన జీతాలు, పెన్షన్లపై ఒక విశ్రాంత జిల్లా జడ్జి హైకోర్టుకు వెళ్లారు. హైకోర్టు 12 శాతం వడ్డీ ఇమ్మంది. 2021 ఫిబ్రవరి 8న సుప్రీంకోర్టు దాన్ని 6 శాతానికి తగ్గించింది కానీ, పూర్తిగా తీసేయలేదు.

ఏడాది గడువు మరవొద్దు

ధిక్కారం జరిగిన రోజు నుంచి ఒక సంవత్సరంలోపే కేసు వేయాలి. ఒక ఉదాహరణ చూడండి. ఆర్డరు కాపీ అందిన 8 వారాల్లో చెల్లించాలని కోర్టు చెప్పింది. మీరు 2024 జూలై 1న కాపీ ఇచ్చారు. గడువు ఆగస్టు 26తో ముగిసింది. అంటే 2025 ఆగస్టు 26 లోపు హైకోర్టులో కేసు దాఖలు కావాలి. "ఫైలు కదులుతోంది, వచ్చే నెల అయిపోతుంది" అని ఆఫీసులో నోటిమాటగా చెబితే ఈ గడువు పెరగదు.

మీరు చేయాల్సినవి

1. ఆర్డరు సర్టిఫైడ్ కాపీ తీసుకోండి.
2. దాన్ని అర్జీతో కలిపి ఆఫీసు తపాల్ సెక్షన్‌లో ఇవ్వండి. మీ కాపీ మీద ముద్ర, తేదీ వేయించుకోండి. ఆర్డరు సంగతి అధికారికి తెలుసని చూపే ఆధారం అదే.
3. గడువు తేదీ, దానికి ఏడాది తర్వాత తేదీ రెండూ క్యాలెండర్‌లో రాసుకోండి.
4. గడువు దాటగానే మీ లాయరుతో నోటీసు ఇప్పించండి.
5. "అప్పీలు వేశాం" అంటే స్టే ఉందా అని అడగండి. స్టే లేకుండా అప్పీలు ఒక్కటే ఉంటే ఆర్డరు ఆగదు.

లాయరు ఫీజు కట్టలేకపోతే?

మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. భర్త పోయాక ఫ్యామిలీ పెన్షన్ కోసం తిరుగుతున్న అక్కలు, అమ్మలు దీన్ని వాడుకోవాలి. ఇతరులకు ఆదాయ పరిమితి ఉంటుంది. 15100కి ఫోన్ చేయండి, లేదా కోర్టులోని న్యాయ సేవాధికార సంస్థను అడగండి.

పెన్షన్ దయాదాక్షిణ్యం కాదని సుప్రీంకోర్టు 1982 డిసెంబరు 17న నకారా కేసులో చెప్పింది. అందుకే ఆ రోజును పెన్షనర్ల దినంగా జరుపుకుంటున్నాం. ఆ హక్కు నిలవాలంటే మీ చేతిలో ముద్ర పడిన కాపీ ఉండాలి, తేదీ గుర్తుండాలి.