నీటి వంతు తెలిశాకే కెమెరా

పల్లె బతుకు మీద, సేద్యం మీద డాక్యుమెంటరీలు తీయాలనుకునే విద్యార్థులు మొదట ఏ కెమెరా కొనాలని ఆలోచిస్తారు. ఒమన్‌లో చదువుకుంటున్న, పని వెతుక్కుంటున్న తెలుగు యువతకు ఆ తొందర ఇంకా ఎక్కువ ఉండొచ్చు. నిజ్వా ఖర్జూర తోటలు, జబల్ అఖ్దర్ మెట్ల పొలాలు ఎవరు తీసినా అందంగానే కనిపిస్తాయి మరి. అందరికీ దొరికే అందానికి డబ్బిచ్చేవారు తక్కువ. ఈ వృత్తిలో మనిషిని నిలబెట్టేది సేద్యం తెలిసి ఉండడమేనని నా నమ్మకం.

ఫలజ్‌నే చూడండి. ఊటనీటినో భూగర్భజలాన్నో వాలు మీదే పారించి ఊరికి తెచ్చే కాలువ అది. ఒమన్‌లో దాదాపు 3,000 ఫలజ్‌లు ఇప్పటికీ పారుతున్నాయి. నిజ్వాలోని ఫలజ్ దారిస్‌తో కలిపి ఐదింటిని యునెస్కో 2006లో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. తెలియని కంటికి అది పారే నీరు, తెలిసినవారికి ఊరి కట్టుబాటు. ముందు తాగడానికి, తర్వాత మసీదుకు, స్నానాలకు, ఆ తర్వాతే తోటలకు. తోటల వంతులను పగలు నీడతో, రాత్రి చుక్కలతో కొలిచేవారు. ఈ వ్యవహారమంతా చూసే పెద్ద పేరు వకీల్. కోర్టుతో సంబంధం లేదు, మన చెరువు కింద నీరటి పనికి దగ్గరి పని. నీరటిని ఎరిగిన పిల్లలు ఆ వకీల్‌ను సరైన ప్రశ్న అడగగలరు: నీళ్లు తగ్గిన ఏడాది ముందు ఏ మడిని ఎండగడతారు? ఖర్జూరాన్ని కాపాడుకుని ఏడాది పంటల మడులను తగ్గిస్తారన్న జవాబులోనే సగం సినిమా ఉంది.

ఇందుకు గట్టి సాక్ష్యం మన జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్‌లో ఉంది. దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీలో పీవీ సతీష్ చొరవతో దళిత మహిళా రైతులు వీడియో నేర్చుకున్నారు. వరంగల్ బీటీ పత్తి రైతుల మీద 2003లో వారు తీసిన చిత్రం దేశం దాటి చర్చకు వచ్చింది. విత్తనానికెంత, మందులకెంత, చేతికొచ్చిందెంత అని రైతు రైతును అడిగినట్టు అడగడమే దాని బలం. వాళ్లు రైతులు, మేం కాదుగా అంటారేమో. నిజమే, అందుకే ఒక ప్రాంతంలో ఒక వ్యవసాయ సంవత్సరం గడపమనేది. జబల్ అఖ్దర్‌లో వసంతాన గులాబీ కోత, ఎండాకాలంలో పల్లపు ఊళ్లలో మబ్సలీ ఖర్జూరాన్ని దోరగా కోసి ఉడికించి ఎండబెట్టే తబ్సీల్, ఆపైన మళ్లీ జబల్ అఖ్దర్‌లో దానిమ్మ. ఆ ఎండు ఖర్జూరం ఇండియాకు ఎగుమతయ్యే సరుకు, కనుక కథ మన బజారు దాకా సాగుతుంది.

బతుకుతెరువు మాటేమిటన్నది మరింత బరువైన అభ్యంతరం. ఉత్సవాల్లో చూపే చిత్రాలు తొలి ఏళ్లలో అన్నం పెట్టవు. వ్యవసాయ శిక్షణ వీడియోలు, విశ్వవిద్యాలయాల, స్వచ్ఛంద సంస్థల చిత్రీకరణలు పెడతాయి. పంట తెలిసినవాళ్లను మళ్లీ పిలుస్తారు. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లోనో, హైదరాబాద్ విశ్వవిద్యాలయపు కమ్యూనికేషన్ విభాగంలోనో చదివినా ఆ తెలివిడి పొలంలోనే రావాలి. ఒమన్‌లో వేరే ఉద్యోగపు వీసా మీద ఉండి డబ్బుకు చిత్రీకరణ చేయకండి. షూటింగుకు అనుమతి, డ్రోన్‌కు పౌర విమానయాన సంస్థ అనుమతి ముందే తీసుకోండి. ఆ తోటల్లో చెమటోడ్చేవారిలో చాలామంది దక్షిణాసియా కూలీలు. హిందీ వచ్చిన మీతో వాళ్లు మనసు విప్పుతారు. విప్పినదంతా చూపిస్తే వాళ్ల పని పోవచ్చు. ఎవరి ముఖం తెర మీదికి రావాలో వాళ్లనే అడిగి తేల్చుకోండి.