మా పరిధి కాదంటే ఊరుకోవద్దు

2019లో యాదాద్రి భువనగిరి జిల్లా హాజీపూర్‌ బావుల్లో, అత్యాచారానికి, హత్యకు గురైన ముగ్గురు ఆడపిల్లల ఆనవాళ్లు బయటపడ్డాయి. వారిలో ఒక పాప 2015లోనే కనిపించకుండా పోయింది. 2020 ఫిబ్రవరి 6న నల్లగొండ కోర్టు దోషికి ఉరిశిక్ష విధించింది. తీర్పు త్వరగానే వచ్చింది. అయితే ఆ పాప కేసు అప్పుడే తేలి ఉంటే మిగతా ఇద్దరూ బతికేవారేమో!

ఇలాంటి నేరాల్లో మొదటి గంటలు చాలా విలువైనవి. బాలల హక్కుల సంస్థ బచ్‌పన్‌ బచావో ఆందోళన్‌ పోరాటంతో, తప్పిపోయిన ప్రతి బిడ్డ విషయంలో ఎఫ్‌ఐఆర్‌ నమోదు చేయాల్సిందేనని 2013లో సుప్రీంకోర్టు ఆదేశించింది. అయినా 2019 నవంబరులో శంషాబాద్‌లో అత్యాచారానికి, హత్యకు గురైన ‘దిశ’ కుటుంబాన్ని పోలీసులు పరిధి పేరుతో తిప్పారు. ఆ జాప్యానికి ముగ్గురు పోలీసులు సస్పెండయ్యారు.

ఏ స్టేషన్‌కైనా వెళ్లవచ్చు

2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్‌ సురక్షా సంహిత 173వ సెక్షన్‌ ప్రకారం, నేరం ఎక్కడ జరిగినా ఏ స్టేషన్‌లోనైనా ఫిర్యాదు ఇవ్వవచ్చు. అలా నమోదు చేసేదే జీరో ఎఫ్‌ఐఆర్‌. ముంబయికి కూలికి పోయిన పాలమూరు ఆడబిడ్డపై అక్కడ అత్యాచారం జరిగితే, ఇంటికి వచ్చి అచ్చంపేటలోనే కేసు పెట్టవచ్చు. ఆమె మాటను మహిళా అధికారే రాసుకోవాలి. ఎఫ్‌ఐఆర్‌ నకలు ఉచితంగా ఇవ్వాలి.

ఫిర్యాదు తీసుకోకపోతే జిల్లా ఎస్పీకి రాతపూర్వకంగా పంపండి. అక్కడా పని కాకపోతే మేజిస్ట్రేటును ఆశ్రయించండి. అత్యాచార ఫిర్యాదు నమోదు చేయని అధికారికి ఆరు నెలల నుంచి రెండేళ్ల వరకు కఠిన జైలుశిక్ష పడుతుంది.

ఆస్పత్రిలో, కోర్టులో

ప్రభుత్వ, ప్రైవేటు ఆస్పత్రులన్నీ బాధితురాలికి వెంటనే ఉచితంగా ప్రథమ చికిత్స, వైద్యం అందించాలి. వైద్య పరీక్షకు ఆమె సమ్మతి తప్పనిసరి. జననాంగంలో వేళ్లు పెట్టి చూసే ‘రెండు వేళ్ల పరీక్ష’ చేయకూడదని సుప్రీంకోర్టు 2022లో మళ్లీ తేల్చిచెప్పింది. ఆమె పేరు, ఊరు, ఫొటో బయటపెట్టడం నేరం. వాట్సాప్‌లో పంపినా అంతే. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో మహిళలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరును ఇస్తారు. పరిహారానికీ అక్కడే దరఖాస్తు చేసుకోవాలి. ఫోన్‌: 15100. మహిళల హెల్ప్‌లైన్‌ 181, పిల్లలకైతే 1098.

పెద్దమనుషులు డబ్బిప్పించి రాజీ చేసినా అత్యాచారం కేసు రద్దు కాదు. అందుకే పంచాయతీకి పిలవకండి. ఆమె ఒప్పుకుంటే తోడుగా స్టేషన్‌కు నడవండి, ఎఫ్‌ఐఆర్‌ కాగితం చేతికి వచ్చేదాకా కదలకండి.