చేపపిల్లకి ఏం పెట్టాలి?

క్రిందటేడు మా అమ్మాయి పోరు పడలేక ఒక జత ఫైటర్ చేపలు కొన్నాను. మిల్టన్ కీన్స్ లో చలికాలం నాలుగింటికే చీకటి పడిపోతుంది, ఇంట్లో కదిలే రంగు ఒకటుంటే మంచిదే కదా అనుకున్నాను. కొన్నాళ్ళకి అవి గుడ్లు పెట్టాయి, పదుల కొద్దీ పిల్లలయ్యాయి. నేను తిండి బిళ్ళల్ని మెత్తగా పొడి చేసి చల్లాను. వారం తిరక్కుండా ఒక్కటీ మిగల్లేదు. "రోజూ తిండి పెట్టాం కదా నాన్నా?" అని అడిగింది మా అమ్మాయి. ఆ ప్రశ్నకి జవాబు వెతుక్కుంటూ నేర్చుకున్నదే ఈ నెల పాఠం.

ఫైటర్ పిల్లలు పుట్టిన రెండు మూడు రోజులు పొట్టకింద ఉన్న సొనతో బతుకుతాయి. తర్వాత వేటాడతాయి. కదలనిదాన్ని అవి తిండిగా గుర్తించవు. మిగిలిన పొడి కుళ్ళి నీటిని విషం చేస్తుంది. కాబట్టి ప్రాణమున్న మేతే కావాలి. ఎంచుకునే ముందు మూడు ప్రశ్నలు వేసుకోండి.

మొదటిది, నోట్లో పడుతుందా? మొదటి రోజులకి మైక్రోవార్మ్స్ అనే సన్నటి పురుగులు సులువు. చల్లార్చిన ఓట్స్ జావలో చిటికెడు ఈస్ట్, కొంచెం పాత కల్చర్ కలిపితే చాలు, కొద్దిరోజుల్లో పురుగులు డబ్బా గోడలెక్కుతాయి. వేలితో తీసి నీళ్ళలో కడగడమే.

రెండోది, బలముందా? ఇక్కడ ఆర్టీమియాదే పైచేయి. అమెరికాలోని గ్రేట్ సాల్ట్ లేక్ నుంచి వచ్చే ఈ గుడ్లని మన నెల్లూరు వైపు రొయ్యల హేచరీల్లోనూ వాడతారు. లీటరు నీళ్ళలో 25 గ్రాముల ఉప్పు, 26-28 డిగ్రీల వేడి, దీపం, గాలి పంపు ఉంటే 24 నుంచి 36 గంటల్లో పొదుగుతాయి. పంపు ఆపి పది నిమిషాలాగితే డొల్లలు పైకి తేలతాయి, పిల్లలు వెలుగు వైపు చేరతాయి. వాటిని గొట్టంతో లాగి, పల్చటి గుడ్డలో వడగట్టి, మంచినీళ్ళతో కడిగి వెంటనే వేయాలి. వాటిలో సొన గంటగంటకీ కరిగిపోతుంది. నిన్నటివి నేటికి చప్పిడి కూడే!

మూడోది, ఎక్కడిది? ట్యూబిఫెక్స్ పురుగులు మురుగు బురదలో పెరుగుతాయి, రోగాలు మోసుకొస్తాయి. నేను వాటి జోలికి పోను. మా ఊళ్ళో విల్లెన్, ఫర్జ్టన్ లాంటి చెరువులున్నాయి గానీ రోడ్ల మీది వాన నీరంతా వాటిలోకే చేరుతుంది. పైగా చేపలున్న చెరువులోని డాఫ్నియాతో పరాన్నజీవులు రావచ్చు. దానికన్నా పెరట్లో వాననీళ్ళ బకెట్టు నయం. వేసవిలో దోమపిల్లలు వాటంతటవే వస్తాయి, పెద్ద చేపలకి పండగే. మన పల్లెల్లో బావుల్లో గంబూసియా చేపల్ని వదిలేది ఇందుకే కదా! రెక్కలు రాకముందే వడగట్టాలి సుమండీ, లేకపోతే పండగ దోమలకి!

రెండోసారి ఈ పద్ధతిలో పెంచితే ముప్ఫై దాకా బతికాయి. ఆర్టీమియా తిన్న పిల్ల పొట్ట నారింజ రంగులో బయటికే కనిపిస్తుంది. మా అమ్మాయి రోజూ పొద్దున్నే టార్చ్ లైటు వేసి ఆ పొట్టలు చూసి, ఆ తర్వాతే బడికి వెళ్ళేది.