పాత బొమ్మలు, కొత్త నియమాలు

ప్రశ్న: వార్‌హామర్ 40,000 అనే బల్లమీది యుద్ధ ఆట తొమ్మిదో ఎడిషన్ పుస్తకాలు, బొమ్మలు నా దగ్గరున్నాయి. పదో ఎడిషన్‌కి పనికొస్తాయా? కథ కూడా మారిందా?

జవాబు: బొమ్మలు దాదాపు అన్నీ పనికొస్తాయి. పుస్తకాల్లోని నియమాలు మాత్రం చెల్లవు. 2023లో పదో ఎడిషన్‌తో ఆట తయారీదారు గేమ్స్ వర్క్‌షాప్ ఒక్కో దళం వివరాలనూ ఒక్కో కార్డులోకి తెచ్చింది. మానసిక శక్తులు ప్రయోగించే సైకిక్ దశను పూర్తిగా తీసేసింది.

నాకు బాగా నచ్చిన మార్పు బ్యాటిల్ షాక్. సగంకన్నా తక్కువ మిగిలిన దళానికి మీ వంతు మొదట్లో వచ్చే కమాండ్ దశలో రెండు పాచికలు వేసి ధైర్య పరీక్ష చేయాలి. పరీక్ష తప్పితే సైనికులెవరూ పారిపోరు, కానీ ఆ దళం లక్ష్యస్థానాన్ని పట్టి ఉంచలేదు. గెలవాల్సిన ఆట అక్కడే చేజారుతుంది!

కథ కూడా ముందుకు కదిలింది: టైరనిడ్లనే గ్రహాంతర జీవుల లెవియాథన్ దండు గెలాక్సీ పడమటి దిక్కునుంచి విరుచుకుపడింది. పదివేల ఏళ్లుగా కనబడని మానవ సామ్రాజ్య సేనాని లయన్ ఎల్‌జాన్సన్ అంతకుముందే తిరిగొచ్చాడు.

కొత్త పుస్తకాలు కొనేముందు చిన్న సైన్యంతో ఆడి చూడండి.