తెరపై అంకె తప్పితే ఎక్కడ వెతకాలి?

సంఘంలో పోసిన పాలు, వెన్న శాతం ఇప్పుడు కంప్యూటర్ తెరపై డ్యాష్‌బోర్డులో చూసుకుంటున్నాము. బిల్లు ఆ లెక్కను బట్టే గనుక, చీటీతో అంకె సరిపడనప్పుడు ఊరుకోరాదు.

క్రోమ్, ఎడ్జ్ బ్రౌజర్లలో ఎఫ్12 మీట నొక్కి, "నెట్‌వర్క్" విభాగం తెరచి, పేజీని మళ్లీ తెప్పించండి. తెర ఏమి అడిగిందో, సర్వరు ఏమి పంపిందో వరుసగా కనిపిస్తుంది. 500 అంటే సర్వరులో లోపం. 403 అంటే మనకు అనుమతి లేదు. 200 అంటే జవాబు వచ్చింది. జవాబు వచ్చినంత మాత్రాన లెక్క సరియని కాదు సుమా!

ఆళ్లగడ్డ పాలు సున్నా అని చూపుతున్నదనుకుందాము. అడిగిన ప్రశ్నలో జిల్లా పేరు చూడండి. 2022 ఏప్రిల్ 4న నంద్యాల జిల్లా ఏర్పడేవరకు ఆళ్లగడ్డ కర్నూలు జిల్లాలోది. జాబితాలో ఒక పేరు, ప్రశ్నలో మరొక పేరు ఉంటే, పోసిన పాలు కూడా లెక్కకు రావు.

సగటులోనూ పొరపాటు దొర్లుతుంది. 7 శాతం వెన్న గల పాలు 10 కిలోలు, 5 శాతంవి 90 కిలోలు కలిస్తే సగటు 5.2; రెండు శాతాలనే కూడి సగం చేస్తే 6 వస్తుంది. సర్వరు జవాబులోనే 6 ఉంటే తప్పు అక్కడిది. జవాబులో 5.2 ఉండి తెరపై 6 కనబడితే తప్పు తెరది.

ఈ పరిశీలనకే బ్రౌజరుకు తగిలించుకొనే ఎక్స్‌టెన్షన్లు కూడా ఉన్నవి. కొన్ని "అన్ని సైట్లలోని సమాచారం చదువుతాము" అని అనుమతి అడుగుతాయి. సభ్యుల బ్యాంకు ఖాతాలు తెరచే కంప్యూటరులో అటువంటివి పెట్టవద్దని మా సలహా. ఫిర్యాదులో తేదీ, పూట, సంఘం నంబరు, చీటీలోని అంకె, జవాబులోని అంకె రాస్తే చాలు.