కీబోర్డు కుర్చీ నుంచి కంపోజర్ కుర్చీ దాకా

మన క్లబ్బులో పాటల మీద వ్యాసం అంటే ఎక్కువగా సాహిత్యం గురించే ఉంటది. ఈసారి నేను పాట వెనుక కీబోర్డు ముందు కూర్చున్న మనిషి గురించి రాస్తున్నా.

ముందు బయటి ఉదాహరణ ఒకటి. అమెరికాలో 1970ల చివర 'న్యూ వేవ్' అనే రాక్ సంగీతం వచ్చింది. గిటార్ హోరు తగ్గి సింథసైజర్‌కు చోటు దొరికింది. ఆ కాలపు బ్యాండ్ టాకింగ్ హెడ్స్‌లో కీబోర్డు, గిటార్ వాయించినవాడు జెర్రీ హారిసన్. హార్వర్డ్‌లో చదివినవాడు. తర్వాత ప్రొడ్యూసర్ అయి, లైవ్ అనే బ్యాండ్‌తో 1994లో 'త్రోయింగ్ కాపర్' ఆల్బమ్ చేశాడు. ఇక్కడ ప్రొడ్యూసర్ అంటే డబ్బు పెట్టేవాడు కాదు, పాట చివరికి ఎట్ల వినబడాలో చూసుకునేవాడు.

మన దగ్గర ఆ దారిలో నడిచిన పెద్ద పేరు మణిశర్మ. పుట్టింది మచిలీపట్నంలో, 1964లో. తండ్రి వయొలిన్ కళాకారుడు. మణిశర్మ మద్రాసులో ఇతర సంగీత దర్శకుల దగ్గర కీబోర్డు వాయించారు. అట్లా పనిచేసినవాళ్లలో కీరవాణి ఒకరు. 1992లో రామ్‌గోపాల్‌వర్మ 'రాత్రి'కి నేపథ్య సంగీతం ఇచ్చారు. అది దయ్యం సినిమా. అందులో భయమంతా శబ్దంలోనే ఉండాలి. పాటలతో ఇంటింటికీ తెలిసింది మాత్రం 1998లో, 'చూడాలని వుంది'తో. అంటే మధ్యలో ఆరేళ్లు. ఆ తర్వాత 'ఒక్కడు' (2003), 'పోకిరి' (2006) మనకు తెలిసినవే.

అసలు కీబోర్డు మనిషికే ఈ దారి ఎందుకు దొరికింది? కారణం టెక్నికల్. 1983లో మిడి అనే ప్రమాణం వచ్చింది. మిడి శబ్దాన్ని పంపదు, సూచన పంపుతది: ఏ మెట్టు నొక్కారు, ఎంత బలంగా నొక్కారు, ఎప్పుడు వదిలారు. బలాన్ని 0 నుంచి 127 దాకా అంకెల్లో రాస్తది. ఆ సూచనకు వయొలిన్ శబ్దం తగిలిస్తే వయొలిన్, ఫ్లూట్ శబ్దం తగిలిస్తే ఫ్లూట్. ఆర్కెస్ట్రా మొత్తం ఒక్క మనిషి వేళ్ల కిందికి వచ్చింది. పాటలో ఏది ఎప్పుడు రావాలో అందరికంటే ముందు తెలిసేది అతనికే. అందుకే సంగీత దర్శకుడి కుర్చీ అతనికి దగ్గరైంది.

దీనికి ఒక ఖరీదు కూడా ఉంది. వరుసగా కూర్చుని వాయించే వయొలిన్ వాళ్ల పని తగ్గింది. వయొలిన్ ఇంటి కొడుకే కీబోర్డుతో పైకి రావడం నన్ను చాలా ఆలోచింపజేసింది. ఇది ఒకరి తప్పు కాదు, యంత్రం వచ్చిన ప్రతి పనిలోనూ జరిగేదే. కోడింగ్ నేర్చుకునే మనం ఇప్పుడు ఇదే ప్రశ్న ముందు కూర్చున్నాం కదా!

ఇప్పుడు మన జిల్లాకు వద్దాం. మణిశర్మ బృందంలో ప్రోగ్రామర్‌గా పనిచేసినవారిలో తమన్ ఒకరు. డ్రమ్మర్ కొడుకు. 'బాయ్స్' (2003)లో నటించాడు, 'కిక్' (2009)తో తెలుగులో సంగీత దర్శకుడిగా నిలబడ్డాడు. 'భీమ్లా నాయక్' టైటిల్ పాట చేసేటప్పుడు మొదట్లో కిన్నెర మొగులయ్యతో పాడించాడు. మొగులయ్యది పాత మహబూబ్‌నగర్, ఇప్పటి నాగర్‌కర్నూల్ జిల్లా. పన్నెండు మెట్ల కిన్నెర వాయిస్తూ పండుగ సాయన్న కథ పాడే కళాకారుడు. ఆయనకు 2022లో పద్మశ్రీ వచ్చింది.

కిన్నెర శబ్దాన్ని శాంపిల్ చేసి మెట్లకు అతికించొచ్చు. కానీ కీబోర్డులో ఒక స్థాయికి పన్నెండు స్వరస్థానాలే, వాటి మధ్య జారే స్వరానికి పిచ్ బెండ్ చక్రం తిప్పాలి. కథ చెప్పేవాడు మాట బరువును బట్టి లయ సాగదీస్తడు, తొందరపెడ్తడు. కంప్యూటర్ గ్రిడ్‌లో పెట్టి సరిచేస్తే ఆ సాగదీతే పోతది. అందుకని మనిషిని పిలవాల్సిందే. మంచి ప్రొడ్యూసర్‌కు ఏది ప్రోగ్రామ్ చేయాలో ఎంత తెలుసో, ఎవరిని పిలవాలో కూడా అంతే తెలుస్తది.

మన హాస్టళ్లలో లాప్‌టాప్ మీద బీట్లు చేసే దోస్తులున్నరు. వాళ్లకు నాదొక మాట. నల్లగొండ, పాలమూరు ఊళ్లలో డప్పు, ఒగ్గు డోలు, కిన్నెర ఇంకా వినబడుతున్నయి. సెలవులకు ఇంటికి పోయినప్పుడు ఒక కళాకారుడిని అడిగి, ఫోన్‌లోనే సరే, రికార్డు చేయండి. గ్రిడ్‌ను ఆయన లయకు జరపండి, ఆయన్ని గ్రిడ్‌కు కాదు. పాట కింద ఆయన పేరు రాయండి. ఏమైనా డబ్బు వస్తే ఆయన వాటా ఇవ్వండి. చేసిన పాట క్లబ్బుకు తెండి, అందరం కూర్చుని విందాం.