కంటికీ పథ్యం కావాలి

ఆహారదోషం వలన వ్యాధి కలుగునని మనమందరం ఎరుగుదుము. చూచే దృశ్యం వలన కూడా కలుగునన్న సంగతిని నేను స్వానుభవంతో గ్రహించాను.

ఉద్యోగ విరమణానంతరం నారాయణఖేడ్ ప్రాంతంలోని మా బోరంచకు చేరాను. రాత్రివేళ జొన్నరొట్టె తింటూ ఒంటరిగా టెలివిజన్‌లో నేరవార్తలు చూడడం అలవాటైంది. ఆస్తికై అన్నను చంపిన తమ్ముడు, అత్తకు విషమిచ్చిన కోడలు, నిత్యం ఇవే. ఆరు నెలలకు నిద్ర తగ్గింది. తలుపు గడియ రెండు మూడు సార్లు చూచుకొనేవాడిని. ఒకనాడు తమ్ముడు పంట అప్పు కోసం ఉమ్మడి పొలం పాసుపుస్తకం అడిగాడు. "ఎందుకు? ఎవరు అడగమన్నరు?" అన్నాను. "నీ దగ్గరనే ఉంచుకో అన్నా" అని వెళ్లిపోయాడు. మూడు నెలలు మా గడప తొక్కలేదు.

ఆ రోజుల్లోనే చరకసంహిత తిరగవేశాను. సూత్రస్థానం 11వ అధ్యాయంలో, ఇంద్రియాలకు వాటి విషయాలతో కలిగే అనుచిత సంయోగం వ్యాధికారణాలలో ఒకటిగా చెప్పబడింది. మిక్కిలి కాంతిగల వాటిని అతిగా చూడడం అతియోగం; బొత్తిగా చూడకపోవడం అయోగం; అతి సమీపంలోని వాటిని, భయంకర, బీభత్స, వికృత రూపాలను చూడడం మిథ్యాయోగం. టెలివిజన్ ఎరుగని కాలపు మాటలివి! అమెరికా ఆచార్యుడు జార్జి గెర్బ్‌నర్ కూడా, టెలివిజన్ అధికంగా చూచేవారికి లోకం ఉన్నదానికంటె ప్రమాదకరంగా తోచునని 1970 దశకంలో ప్రతిపాదించాడు. ఆ ప్రభావం స్వల్పమేనని వాదించినవారూ ఉన్నారు. నా తలుపు గడియ మాత్రం ఆయన పక్షమే.

యంత్రాన్ని నిందించను. 1975 ఆగస్టు నుండి ఏడాదిపాటు 'సైట్' ప్రయోగంలో ఆంధ్రప్రదేశ్ సహా ఆరు రాష్ట్రాలలోని సుమారు 2,400 గ్రామాలకు ఉపగ్రహం ద్వారా వ్యవసాయ, ఆరోగ్య పాఠాలు అందాయి. ఊరివారు ఒకచోట కూడి చూచేవారు. అక్కడ చూచినదాన్ని చర్చించుకోవడానికి పక్కన మనిషి ఉండేవాడు, నాకు లేడు.

మనసు లగ్నం చేసి భుజించాలన్నది విమానస్థానంలోని భోజన నియమం. మొదట దానినే పాటించాను: టెలివిజన్ ఆపి, ఎనిమిదింటిలోపు భోజనం. శయనానికి ముందు గోరువెచ్చని నువ్వులనూనెతో అరికాళ్ల మర్దన. పిదప తుడుచుకోవాలి, లేకున్న జారిపడగలరు. మూడు వారాలకు నిద్ర కుదిరింది. అనుమానం, నిద్రలేమి తీవ్రమైతే నూనెతో సరిపెట్టక మానసిక వైద్యుని సంప్రదించవలెను.

పాసుపుస్తకం తీసుకొని తమ్ముని ఇంటికి వెళ్లాను. మరదలు చాయ్ ఇచ్చింది. తమ్ముడు పుస్తకం అందుకోలేదు. అప్పు గడువు దాటిపోయిందన్నాడు.